ఏ మోటారూ కాని మోటారు

కాలేజీలో అందరూ ఆమెని రెండు గీతల మేడమ్ అనేవారు. క్లాసులోకి రాగానే, ఇంకా హాజరు కూడా పిలవకుండా, బోర్డు మధ్యలో ఒక అడ్డగీతా ఒక నిలువుగీతా గీసి, అవి కలిసిన చోట సుద్దముక్కతో టక్కుమని ఒక చుక్క పెట్టేది. ఆ తర్వాతే వెనక్కి తిరిగి పిల్లల మొహాలు చూసేది. ఆ రోజు పాఠం పంపు మోటారు గురించైనా, కరెంటు పుట్టించే పెద్ద జనరేటరు గురించైనా, మొదలు మాత్రం ఆ రెండు గీతలే. ఆ పేరు ఆమె చెవిన పడకపోలేదు. పడ్డా ఏమీ అనుకోలేదు. లెక్కలు చెప్పేవాళ్లకి అంతకన్నా ఘోరమైన పేర్లు పెడతారని ఆమెకి తెలుసు.

ఇంట్లో మాత్రం ఆమె చిట్టి. జుట్టు నెరిశాక కూడా అక్కకీ బావకీ చిట్టే.

చిన్నప్పుడే అమ్మానాన్నా పోతే అక్క తనతో తెచ్చుకుని పెంచింది. బావది మోటార్లు చుట్టే షాపు. కాలిపోయిన పంపులూ ఫ్యాన్లూ మిక్సీలూ అక్కడికి వచ్చి పడేవి. బావ వాటి పొట్ట విప్పి, మాడిన తీగ పీకేసి, కొత్త రాగితీగ చుట్టి, వార్నిష్ పట్టించి ఎండకి పెట్టేవాడు. షాపు వెనక రెండు గదులు, మేడ మీద ఒకటి. ఇల్లంతా వార్నిష్ వాసనే. బడికి వెళ్తే పక్కన కూర్చున్న పిల్లలు "నీ దగ్గర కొత్త బీరువా వాసనొస్తోందే" అనేవారు.

బావకి ఒక గట్టి నమ్మకం ఉండేది. మనుషుల్లాగే మోటార్లకీ బుద్ధులుంటాయని. పని చేస్తూ వాటితో మాట్లాడేవాడు కూడా. "ఇది వట్టి మొండిఘటం. తోస్తే గానీ కదలదు" అని ఒకదాన్ని, "ఇది అలక మోటారు. కొంచెం బరువు పెడితే చాలు, మూతి ముడుచుకుంటుంది" అని ఇంకోదాన్ని తిట్టేవాడు. అక్క లోపల్నుంచి "నాతో మాట్లాడ్డానికి మాత్రం నోరు రాదు" అనేది. మోటార్లు బదులు చెప్పవు కదా, అందుకే ఆయనకి వాటితో మాటలు బాగుంటాయని కూడా అనేది.

ఆ షాపులో పెరిగిన పిల్ల కాబట్టి, చిట్టి కాలేజీలో ఎలక్ట్రికల్ చదువుతానంటే ఎవరూ ఆశ్చర్యపోలేదు. ఆశ్చర్యపోయింది మోటార్ల పరీక్షలోనే తప్పినప్పుడు. మిగతావన్నీ గట్టెక్కి, సరిగ్గా అదొక్కటే పోయింది.

తప్పు పిల్లది మాత్రమే అనడానికి లేదు. పుస్తకంలో డీసీ మోటారుకి ఒక అధ్యాయం, ఇండక్షన్ మోటారుకి ఒకటి, సింక్రోనస్ యంత్రానికి ఇంకొకటి. ఒకదానికి బ్యాటరీలా నిలకడగా ఉండే కరెంటు కావాలి. ఇంకోదానికి ఊగే కరెంటు కావాలి. మూడోదానికి రెండూ కావాలి. దేని బొమ్మలు దానివి, దేని సూత్రాలు దానివి. పెళ్లిలో కొత్త చుట్టాల వరసలు గుర్తుపెట్టుకున్నట్టు చిట్టి అన్నీ బట్టీ పట్టింది. పరీక్ష హాల్లో వాళ్లంతా కలిసిపోయారు. ఎవరు ఎవరికి ఏమవుతారో తెలియక పెన్ను పక్కన పెట్టేసింది.

ఇంటికొచ్చి మేడ మీద గదిలో తలుపేసుకుంది. బావ మెట్లెక్కి వచ్చి తలుపు బయటే కూర్చున్నాడు.

"మోటార్ల షాపులో పెరిగి మోటార్లలో తప్పావని నలుగురూ నవ్వుతారనా నీ ఏడుపు?" అన్నాడు.

"అవును."

"నవ్వనీ. నన్ను రాయమంటే నా పేరు రాయడంలోనే తప్పుతాను. తలుపు తియ్యి."

తప్పినవాళ్లకి మళ్లీ క్లాసులు పెట్టారు. వాటికోసం ఒక మాస్టారు తాత్కాలికంగా వచ్చాడు. గొంతు బొంగురు, చొక్కా నిండా సుద్దపొడి. ఆయన మొదటి రోజే అందరి పుస్తకాలూ మూయించి, బోర్డు మీద రెండు గీతలు గీశాడు.

"ప్రపంచంలో మూడు రకాల మోటార్లు ఉన్నాయని మీకెవరో చెప్పారు," అన్నాడు. "నేను ఒక్కటే ఉందంటున్నాను. కదలని చుట్టలు కొన్ని, తిరిగే చుట్టలు కొన్ని. మోటారంటే అంతే. ఎన్ని చుట్టలున్నా సరే, వాటన్నిటి బదులు ఈ అడ్డగీత మీద కొన్ని, ఈ నిలువుగీత మీద కొన్ని ఉన్నాయనుకోండి. ఈ ఊహ యంత్రానికి సమీకరణాలు ఒకసారి రాసుకుంటే చాలు. లేని చుట్ట దగ్గర సున్నా పెట్టండి. ఒకచోట సున్నా పెడితే మీ డీసీ మోటారు, ఇంకోచోట పెడితే మీ ఇండక్షన్ మోటారు. వరసలు వేరు. మనిషి ఒక్కడే."

చిట్టి చెయ్యెత్తింది. "తిరిగే చుట్ట తిరుగుతూ ఉంటుంది కదండీ. దాన్ని కదలని గీత మీద ఎలా పెడతాం?"

మాస్టారు సంబరపడిపోయాడు. "అద్గదీ ప్రశ్న! నువ్వు ఎక్కడ నిలబడి చూస్తున్నావు?"

"ఇక్కడే, బెంచీ దగ్గర."

"అందుకే నీకు తిరుగుతోంది," అని ఆయన దగ్గుకుంటూ గంట కొట్టేదాకా బోర్డు నింపేశాడు. చిట్టికి సమాధానం ఇచ్చినట్టూ అనిపించింది, ఇవ్వనట్టూ అనిపించింది.

ఆ వారంలోనే ఊళ్లో ఎగ్జిబిషన్ పెట్టారు. అక్క కూతురు రంగులరాట్నం ఎక్కుతానని ఒకటే గొడవ. దానికి తోడుగా చిట్టి వెనక గుర్రం మీద ఎక్కింది. అక్కకి కళ్లు తిరుగుతాయి కాబట్టి దూరంగా బెంచీ మీద కూర్చుంది. బావ అందరి చెప్పులూ సంచులూ పట్టుకుని కింద నిలబడ్డాడు. రాట్నం తిరగడం మొదలైంది. బావ ఒకసారి కనబడి, చెయ్యూపి, మాయమై, మళ్లీ వచ్చి, మళ్లీ మాయమయ్యేవాడు. ముందు గుర్రం మీద పిల్ల జడ మాత్రం చిట్టి కళ్లెదుట ఉన్నచోటే ఉంది. ఒక్క అంగుళం కూడా జరగలేదు. ఊరంతా గిర్రున తిరుగుతుంటే, రిబ్బను కట్టిన ఆ జడ మాత్రం నిలబడి ఉంది.

"బావా! అర్థమైంది!" అని చిట్టి అరిచింది.

బావ ఎదురుగా వచ్చిన ప్రతిసారీ ఒక్కో ముక్క అడిగాడు. "ఏంటీ? ... వాంతొస్తోందా? ... ఆపమననా?"

"వద్దు! ఇంకో రౌండు తిప్పమను!"

తిరిగే దాన్ని బయట నిలబడి చూస్తే అంతా గందరగోళమే. దానితోపాటు తిరుగుతూ చూస్తే అది కదలదు. అప్పుడు ఊగే కరెంటు కూడా నిలకడ కరెంటులాగే కనిపిస్తుంది, లెక్క తేలికైపోతుంది. మాస్టారు బోర్డు మీద రాసిన సైన్లూ కొసైన్లూ అన్నీ ఆ రాట్నం ఎక్కడానికి వేసిన నిచ్చెన మెట్లే అని ఆమెకి అప్పుడు తెలిసింది. దిగాక కూడా చెప్పులేసుకోవడం మరిచిపోయి నడుస్తుంటే, బావ వాటిని చేత్తో పట్టుకుని వెనకే వచ్చాడు.

పరీక్ష పాసైంది. పాసవడమే కాదు, ఆ పిచ్చి నెత్తికెక్కి పైచదువులు కూడా అందులోనే చదివి, చివరికి అదే ఊరి కాలేజీలో పాఠాలు చెప్పడానికి చేరింది. పెళ్లి మాట ఎత్తినవాళ్లకి "తీరిక దొరకలేదండీ" అని నవ్వేసేది. ఉండడం మేడ మీద గదిలోనే. సాయంత్రం షాపులో బావతో టీ తాగుతూ పాత గొడవే కొత్తగా పెట్టుకునేది.

"బావా, నీ మోటార్లన్నీ ఒకటే."

"అక్కాచెల్లెళ్లయిన మీ ఇద్దరే ఒకటి కాదు. మోటార్లెలా ఒకటవుతాయి?"

"పైకి వేరు. లోపల లెక్క ఒకటే."

"నా దగ్గరికి అవి లెక్కతో రావు, పొగతో వస్తాయి మరదలా."

ఏళ్లు గడిచినా ఈ వాదన తేలలేదు. తేలాలని ఇద్దరికీ లేదు కూడా.

కాలేజీలో మాత్రం ఒక దిగులుండేది. ఆమెకి అంత తేలికగా కనబడ్డ విషయం పిల్లలకి కొరకరాని కొయ్యగా ఉండేది. సాయంత్రం బ్యాచిలో ఒక లైన్‌మన్ చదివేవాడు. పగలంతా స్తంభాలెక్కి పని చేసి, చెమట చొక్కాతోనే వచ్చి మొదటి వరసలో కూర్చునేవాడు. ఇద్దరు పిల్లల తండ్రి. కరెంటంటే భయం లేదు, కానీ సమీకరణం చూస్తే నోరెండిపోయేది. ఒకరోజు ఉండబట్టలేక లేచి నిలబడ్డాడు.

"మేడమ్, కోప్పడనంటే ఒకటడుగుతాను."

"అడగండి."

"ఉన్న మూడు మోటార్లే అర్థంకాక చస్తుంటే, లేని నాలుగో మోటారు ఎందుకండీ మాకు?"

క్లాసంతా గొల్లుమంది. మేడమ్ కూడా నవ్వింది. కానీ దారి పొడుగునా ఆ మాట చెవిలో జోరీగలా తిరిగింది. అతనన్నదాంట్లో న్యాయం ఉంది. తను రాట్నం ఎక్కింది కాబట్టి తనకి తెలిసింది. వీళ్లని బోర్డు ముందు కూర్చోబెట్టి ఊహించుకోమంటే ఎలా?

లేని మోటారు నిజానికి కాలేజీలోనే ఉంది. ల్యాబ్ మూలలో, గుడ్డ కప్పి, దాని మీద టీ గ్లాసుల ట్రే పెట్టి. ఎప్పుడో ఎవరో తెప్పించిన బోధన యంత్రం అది. దాని లోపల కదలని చుట్టలు రెండు గీతల మీదా ఉంటాయి. తిరిగే భాగానికి కరెంటు అందించడానికి ఒకవైపు డీసీ మోటారుకుండే బ్రష్షులూ, ఇంకోవైపు ఏసీ యంత్రాలకుండే రింగులూ ఉంటాయి. వైర్లు ఎలా కలిపితే అలా, ఆ ఒక్క యంత్రమే ఏ మోటారుగానైనా తిరుగుతుంది. మేడమ్ ఉద్యోగంలో చేరేనాటికే దాని చుట్టలు మాడిపోయి ఉన్నాయి.

మర్నాడు ఆమె వెళ్లేసరికి, డిపార్ట్‌మెంట్ హెడ్డు ఆ గుడ్డ ఎత్తి చూస్తున్నాడు.

"దీన్ని పాతసామాన్లకి వేసేద్దామనుకుంటున్నాను మేడమ్. ఆ మూల కంప్యూటర్లు పెట్టుకోవచ్చు," అన్నాడు.

"సెలవులయ్యేదాకా ఆగండి సార్. బాగుచేయిస్తాను."

"ఇదేం మోటారో తెలిసినవాళ్లే లేరు. ఎవరు బాగుచేస్తారు?"

"మా బావ."

హెడ్డు మంచివాడే. కాకపోతే సామాను ఖాళీగా పడి ఉంటే ఆయనకి ఒంటిమీద తేళ్లు పాకినట్టుంటుంది. "తిరిగితే ఉంచుతాను. తిరక్కపోతే నన్నేమీ అనకండి," అన్నాడు.

సెలవుల్లో యంత్రాన్ని ట్రాలీ ఆటోలో షాపుకి తెచ్చారు. బావ కళ్లజోడు పైకి తోసుకుని, దాని చుట్టూ ఒక ప్రదక్షిణ చేశాడు. బ్రష్షులు చూశాడు, "డీసీదా" అన్నాడు. అవతలివైపు రింగులు చూశాడు, "కాదే" అన్నాడు. లోపలికి టార్చి వేసి చూసి తల గోక్కున్నాడు.

"ఇది ఏ మోటారు చిట్టీ?"

"ఏదీ కాదు బావా. అన్నీ."

"అన్నీ అయితే నేనిప్పుడు దేన్ని చుట్టాలి?"

"అడ్డం ఒక చుట్ట, నిలువు ఒక చుట్ట. గీసిస్తాను."

"ముప్ఫై ఏళ్లుగా పిల్లలకి చెప్పే రెండు గీతలు ఇవేనా?" అన్నాడు బావ, మొదటిసారి దాన్ని కొంచెం గౌరవంగా చూస్తూ. "నేను నువ్వేదో ముగ్గు నేర్పుతున్నావనుకున్నాను."

పని సాగింది. మాడిన తీగ రాకపోతే బావ నిప్పుసెగ చూపించి లాగాడు. తీగ కూర్చునే గాడుల్లో అట్టకాగితం మడిచి పెట్టడం మేడమ్ వంతు. చిన్నప్పుడు చేసిన పనే, వేళ్లు మర్చిపోలేదు. అక్క మధ్యమధ్య టీ తెచ్చి, ఇద్దరి మొహాల మీదా మసి చూసి, "ఒకడు చాలక ఇద్దరు తయారయ్యారు" అని వెళ్లిపోయేది. బావ ఈ యంత్రంతో మాత్రం మాట్లాడలేదు. ఎందుకని మేడమ్ అడిగితే, "దీని బుద్ధేంటో తెలిస్తే కదా తిట్టడానికి" అన్నాడు.

వార్నిష్ ఆరాక దాన్ని ల్యాబ్‌కి చేర్చి, తలుపులేసుకుని మొదట డీసీ మోటారుగా కలిపారు. బుద్ధిగా తిరిగింది. బావ దాని వీపు తట్టాడు. తర్వాత వైర్లు మార్చి, రెండు చుట్టలకీ ఒకదాని వెనక ఒకటి ఊగే కరెంట్లు ఇచ్చి, ఇండక్షన్ మోటారుగా తిప్పారు. అది కూడా తిరిగింది. కానీ మేడమ్ లెక్క చెప్పిన వైపు కాదు, దానికి ఎదురువైపు.

"నిలువు చుట్ట తిరగేసి చుట్టావు బావా."

"నేనా?" బావ మీసం అదిరింది. "నువ్వు గీసిందే నేను చుట్టాను. చూసుకో."

చూసుకుంది. బొమ్మ చూసి, తన సమీకరణాలు చూసి, కుర్చీలో కూలబడింది. బొమ్మ ఆమె కంపెనీవాళ్ల పాత పుస్తకం చూసి గీసింది. సమీకరణాలు బొంగురు మాస్టారు నేర్పినవి. తిరిగే దిశలో నిలువుగీత అడ్డగీతకి ముందుందనుకుని రాసేవాళ్లు కొందరు, వెనక ఉందనుకుని రాసేవాళ్లు కొందరు. రెండూ ఒప్పే. కానీ బొమ్మ ఒకరిదీ, లెక్క ఇంకొకరిదీ కలిపితే ఒక మైనస్ గుర్తు తప్పిపోతుంది. ఆమె చేసింది సరిగ్గా అదే. ఈ తప్పు చేసినందుకే ఎంతమంది పిల్లల పేపర్ల మీద ఎర్ర సున్నా చుట్టిందో!

"తప్పు నాదే బావా. నిన్నన్నాను, ఏమనుకోకు."

బావకి నెత్తిన పాలు పోసినట్టయింది. కానీ పైకి పెద్దమనిషిలా దగ్గి, "పోనీలే. ఆ రెండు కొసలూ మార్చి కలిపితే సరి. ఒక్క నిమిషం పని," అన్నాడు. చెయ్యి కూడా చాపాడు.

"ఆగు. మార్చకు."

"ఎందుకు?"

"పిల్లలు చూడాలి."

కాలేజీ తెరిచాక సాయంత్రం బ్యాచిని ల్యాబ్‌కి తీసుకెళ్లింది. హెడ్డు కూడా వచ్చి తలుపు దగ్గర చేతులు కట్టుకుని నిలబడ్డాడు. మేడమ్ యంత్రం ఇరుసు కొసన సుద్దతో ఒక గీత గీసి, డీసీగా తిప్పి చూపించింది. తర్వాత లైన్‌మన్‌ని పిలిచి వైర్లు మార్చమంది. అతని చేతులు ఇలాంటి పనికి పుట్టినవి, చిటికెలో మార్చాడు. యంత్రం ఇండక్షన్ మోటారై ఎదురువైపు తిరిగింది.

"నా లెక్క ప్రకారం ఇటు తిరగాలి," అంది మేడమ్. "అటు తిరుగుతోంది. నేను ఒక మైనస్ మర్చిపోయాను. మీరు పేపర్లో మర్చిపోయే మైనస్ ఇదే. ఇప్పుడా రెండు కొసలూ తిరగేయండి."

తిరగేశాడు. యంత్రం ఈసారి లెక్క చెప్పినట్టే తిరిగింది. వెనకనుంచి ఎవరో "ఓహో, మైనస్ అంటే ఇంతేనా!" అన్నారు.

అప్పుడామె కిటికీలు మూయించి, కరెంటు ఊగే లయకి వెలిగి ఆరే దీపాన్ని ఇరుసు మీదకి తిప్పింది. తిరిగే సుద్దగీత ఆ వెలుగులో మెల్లగా వెనక్కి నడుస్తున్నట్టు కనబడింది. ఇండక్షన్ మోటారు కరెంటు వేగాన్ని అందుకోలేక కొంచెం వెనకబడుతుంది. ఆ వెనకబాటే కళ్లకి కనిపిస్తోంది. ఇక చివరగా, దాన్ని సింక్రోనస్ యంత్రంగా మార్చడానికి, అవతలివైపు రింగుల గుండా తిరిగే చుట్టకి నిలకడ కరెంటు ఇచ్చింది. యంత్రం ఒకసారి మూలిగి, కరెంటుతో అడుగు కలిపింది. సుద్దగీత ఉన్నచోట నిలబడిపోయింది. మోటారు హోరుమని తిరుగుతూనే ఉంది. గీత మాత్రం గోడకి కొట్టిన మేకులా కదల్లేదు.

లైన్‌మన్ వంగి, దీపం వైపూ గీత వైపూ మార్చి మార్చి చూశాడు.

"మేడమ్, అది తిరుగుతోంది కదా?"

"తిరుగుతోంది. చెయ్యి పెట్టకండి."

"మనం కూడా దాంతో తిరుగుతూ చూస్తున్నట్టన్నమాట. అందుకే కదలట్లేదు." వైర్ల వైపు చూపించి, "అంటే మూడూ ఒకటే మోటారండీ. మనం చూసే చోటే మారుతోంది," అన్నాడు.

బోర్డు మీద ఇన్నేళ్లు రాసింది ఒక మనిషి తన మాటల్లో తనే చెప్పుకోవడం వినడం మేడమ్‌కి అదే మొదలు. "కూర్చోండి," అంది, సుద్దముక్క చేతిలోకి తీసుకుని. "ఇప్పుడు సమీకరణం రాద్దాం. భయపడకండి."

ఆ ఏడు లైన్‌మన్ పాసయ్యాడు. గొప్ప మార్కులేమీ కాదు, గట్టెక్కాడు. ఫలితాలు వచ్చిన రోజు పెళ్లాం పిల్లలతో వచ్చి, యంత్రాన్ని వాళ్లకి చూపిస్తానని అడిగి మరీ ల్యాబ్ తెరిపించాడు. అందరికన్నా ఎక్కువ మారింది హెడ్డు. కంప్యూటర్లు ఇంకో గదిలో పెట్టించాడు. చుట్టాలెవరొచ్చినా ల్యాబ్‌కి తీసుకొచ్చి, దీపం తనే వేసి, గీత నిలబడగానే అదంతా తనే కనిపెట్టినట్టు చుట్టూ చూసేవాడు. మేడమ్ అడ్డు చెప్పేది కాదు.

తర్వాతి ఏడాది పిల్లలు చుట్టడం కూడా నేర్చుకుంటామన్నారు. హెడ్డు బావకి కబురుపెట్టాడు. బావ అక్క ఇస్త్రీ చేసిన చొక్కా వేసుకుని, బోర్డు ముందు నిలబడి, అంతమంది మొహాలు ఒక్కసారి చూసేసరికి మాటలన్నీ మింగేశాడు. మేడమ్ యంత్రం ఉన్న బల్ల వైపు సైగ చేసింది. బావ బల్ల దగ్గరికెళ్లి, చేతిలోకి రాగితీగ తీసుకోగానే గొంతు లేచింది. "చూడండి బాబూ, ఈ యంత్రం మొండిఘటం. దీన్ని బుజ్జగించాలి," అంటూ మొదలుపెట్టి, గంట కొట్టినా ఆపలేదు. పిల్లలు కూడా లేవలేదు.

బయటికొచ్చాక ఇద్దరూ కాలేజీ ఎదుట బల్ల మీద టీ తాగుతూ కూర్చున్నారు. బావ ఇంకా ఆ ఊపులోనే ఉన్నాడు.

"బాగా చెప్పానా?"

"బాగా చెప్పావు. కానీ దాన్ని మొండిఘటం అన్నావు. అది ఏ మోటారూ కాదని చెప్పాను కదా. దానికి బుద్ధులుండవు."

"ఉంటాయి," అన్నాడు బావ తాపీగా. "అన్ని మోటార్ల బుద్ధులూ దానికే ఉన్నాయి."

మేడమ్ నవ్వింది. ఇంకో టీ చెప్పింది.